రేవు లేని ఊళ్లో రేవు మాత

మొన్న మా బడి కిటికీలకి రంగులు వేస్తున్నారు. పెయింటరు నీలం రంగు డబ్బా మూత తీసి, టర్పెంటైన్ పోసి పుల్లతో కలుపుతుంటే ఆ వాసన వరండా దాటి తరగతి గదిలోకి వచ్చింది. పిల్లలు ముక్కులు మూసుకున్నారు. చెబుతున్న పద్యం సగంలో ఆపేసి నేను అలా నిలబడిపోయాను. ఆరోగ్యమ్మ గారి వేళ్లకి ఎప్పుడూ అదే వాసన ఉండేది. రాజమండ్రిలో, గోదావరి గట్టుకి రెండు వీధుల అవతల, గుడి సందు మొదట్లో ఉన్న ఇరుకు కొట్లో, ఒళ్లో పాత తువ్వాలు పరుచుకుని, దాని మీద మరియమ్మ స్వరూపాన్ని పసిబిడ్డలా పడుకోబెట్టుకుని, లారీలో వచ్చేటప్పుడు పెచ్చు లేచిన చోట సన్నటి కుంచెతో నీలం దిద్దుతూ కూర్చునేది ఆవిడ. అన్నం తినే ముందు సబ్బుతో ఎంత రుద్దుకున్నా ఆ వాసన పోయేది కాదు. "నా పులుసులో కూడా మరియమ్మ అంగీ రంగే" అని నవ్వేది.

ఆవిడని చూడని వాళ్లకి ఎలా చెప్పాలి? పొట్టి మనిషి. బాగా లావు. మందపాటి కళ్లద్దాలు, పూల వాయిల్ చీర, షుగరు వల్ల ఎప్పుడూ కట్టు కట్టి ఉండే ఎడమ కాలు. సొంత ఊరు యానాం. భర్త పెట్టిన కొట్టు ఆయన పోయాక తనే నడుపుతోంది. పిల్లల్లేరు. పసితనంలో జ్వరం వచ్చి బతకదనుకుంటే వాళ్లమ్మ ఆరోగ్య మాతకి మొక్కుకుని ఆ పేరు పెట్టిందట. "పేరైతే ఆరోగ్యం అని పెట్టారమ్మా. నాకు లేనిది అదొక్కటే" అనేది కాలు ఎత్తి స్టూలు మీద పెట్టుకుంటూ. ఆ మాట కొత్తగా వచ్చిన ప్రతి మనిషితోనూ అనేది, అన్నప్పుడల్లా మొదటిసారి అన్నట్టే నవ్వేది.

నేను లూథరన్ ఇంటి పిల్లని. మా నాన్నగారు మిషన్ బడిలో మాస్టారుగా చేసి రిటైరయ్యారు. మా గుళ్లో సిలువ, బల్ల, బైబిలు తప్ప మరొకటి ఉండదు. స్వరూపాల ముందు కొవ్వొత్తులు వెలిగించేవాళ్లని చూస్తే నాన్నగారికి కోపం కాదు గానీ ఒక రకమైన జాలి. బి.ఇడి. అయ్యాక డీఎస్సీ కోసం చదువుతూ నేను ఇంట్లో కూర్చున్న రోజులవి. ఆ పరీక్ష ఇదిగో అదిగో అంటున్నారు గానీ రావడం లేదు. ఆరోగ్యమ్మ గారి కొట్లో చదువుకున్న అమ్మాయి కావాలట అని వీధిలో ఒకావిడ చెప్పింది. అమ్మ మొహం ముడుచుకుని "ఆ బొమ్మల కొట్లోనా?" అంది. నాన్నగారు చదువుతున్న పేపరు మడిచి పక్కన పెట్టి, "పని చెయ్యడంలో తప్పేం లేదమ్మా. దణ్ణం మాత్రం పెట్టకు" అన్నారు.

మర్నాడు వెళ్లి నిలబడితే ఆరోగ్యమ్మ గారు నన్ను పైనుంచి కిందికి చూసి, "ఏ గుడమ్మా మీది?" అని అడిగింది.

"లూథరన్ అండి."

"మంచిదే. మా వాళ్లయితే ప్రతి స్వరూపానికీ ముద్దులు పెట్టి మరకలు చేస్తున్నారు. ఒకటే మాట. ఈ కొట్లో బొమ్మ అనకూడదు. స్వరూపం అనాలి. బొమ్మయితే ఆడుకుని పక్కన పడేస్తారు."

అలా చేరాను. మొదటివారంలోనే ఆ పని నాకు ఎంత రాదో తెలిసింది. ఒక మధ్యాహ్నం నడివయసు మనిషి ఒకాయన వచ్చి, గోడకి పెట్టుకునే మేరీ మాత కావాలన్నాడు. నేను చకచకా లూర్దు మాతని తీసి బల్ల మీద పెట్టాను. తెల్లటి గౌను, నీలం నడికట్టు, పాదాల మీద గులాబీలు, పెదవుల మీద చిన్న నవ్వు. అందరూ కొనేది అదే. ఆయన కూడా సరేనన్నాడు. కాగితం చుట్టబోతుంటే లోపల్నించి ఆరోగ్యమ్మ గారి గొంతు వినిపించింది.

"ఏ మాత కావాలండి మీకు?"

"అదేనండి, మేరీ మాత."

"మేరీ మాతేనండి. ఏ మేరీ మాత? ఇంట్లో ఎవరికి?"

ఆయన నేల చూస్తూ చెప్పాడు. ఇంట్లో ఆవిడ మంచం దిగడం లేదట. పెళ్లయిన ఇన్నాళ్లకి పుట్టిన బిడ్డ పురిట్లోనే పోయిందట. అన్నం తినమంటే గోడవైపు తిరుగుతోందట. ఎవరో చెప్పారు, గదిలో మాతని పెట్టమని. ఆరోగ్యమ్మ గారు కర్ర ఆనించుకుంటూ వచ్చి, నేను తీసిన స్వరూపాన్ని పక్కకి జరిపి, పై అరలోంచి వ్యాకుల మాతని దింపించింది. నల్లటి ముసుగు, గుండెలో దిగిన కత్తులు, చెంప మీద కన్నీటి బొట్టు. ఆయన దాన్ని చేతిలోకి తీసుకుని చాలాసేపు చూసి, డబ్బులిచ్చి తీసుకెళ్లాడు.

నాకు కోపం వచ్చింది. "ఏంటి ఆంటీ, అసలే ఏడుస్తున్న ఇల్లు. ఏడ్చే స్వరూపాన్ని ఇచ్చి పంపారు?"

"నీకు ఏడుపొచ్చినప్పుడు పక్కన ఎవరైనా నవ్వుతా కూర్చుంటే ఎలా ఉంటుంది?" అంది. "ఆ ఇల్లాలు గోడవైపు తిరిగి పడుకుంది. ఆ గోడకే ఈవిడని తగిలించమని చెబుదామనుకున్నా. ఈలోపు వెళ్లిపోయాడు." తర్వాత ఆ ఇంట్లో ఏమైందో మాకు తెలియలేదు. ఆయన మళ్లీ రాలేదు. కొన్నాళ్లపాటు ఎవరు గుమ్మం ఎక్కినా ఆరోగ్యమ్మ గారు ఆయనేమో అని తల ఎత్తి చూసేది.

పేర్లన్నీ నేర్చుకోవడానికి నాకు చాలా రోజులు పట్టింది. లూర్దు మాత, ఫాతిమా మాత, కార్మెల్ మాత, జపమాల మాత, నిత్యసహాయ మాత, ఆరోగ్య మాత. ఒకే మనిషికి ఇన్ని పేర్లేంటని నా లూథరన్ బుర్రకి చిరాగ్గా ఉండేది. ఓసారి అడిగేశాను. ఆవిడ కుంచె పక్కన పెట్టి, "మా అమ్మకి ఏడుగురం" అని మొదలుపెట్టింది. "మా నాన్న ఆవిడని పేరు పెట్టి పిలవగా నేను వినలేదు. 'ఇదిగో' అనేవాడు. వీధిలో వాళ్లు ఏడుగురి తల్లి అనేవారు. కాకినాడలో చేపలమ్ముకోడానికెళ్తే యానామమ్మి అనేవారు. మా చిన్న తమ్ముడికి నోరు తిరక్క 'మ్మా' అనేవాడు. రేషన్ కార్డులో పేరు వీటిలో ఒక్కటీ కాదు. ఏ పేరుకి పలికేదంటావ్? అన్నిటికీ పలికేది. చిన్నోడి పిలుపుకి మాత్రం చేతిలో పనొదిలేసి పరిగెత్తేది."

మా కొట్టుకి వచ్చేవాళ్లందరూ క్రైస్తవులే కాదు. రామచంద్రపురం వైపు నుంచి ఒక రైతు కుటుంబం ఆవిడ వచ్చింది ఒకసారి. చేతుల నిండా గాజులు, నుదుట పెద్ద బొట్టు. కోడలికి మొక్కు తీరిందట, చీర కట్టుకున్న మాత కావాలంది. ఆరోగ్య మాతని చూపించాను. బంగారు అంచు చీర, చంకలో బిడ్డ. ఆవిడ కళ్లకద్దుకుని, "ఈ తల్లికి నైవేద్యం ఏం పెట్టాలండి?" అని అడిగింది. నేను వెనక్కి తిరిగి చూశాను. ఆరోగ్యమ్మ గారు ఏమాత్రం తడుముకోలేదు. "ఆవిడకేం అక్కర్లేదండి. ఆ పూట మీ పొలంలో పని చేసేవాళ్లకి కడుపు నిండా పెట్టండి. ఆవిడ పిల్లలే వాళ్లు." ఆ రైతమ్మ "అయ్యో, అది రోజూ పెడతామండి" అంది. "అయితే చేపల పులుసుతో పెట్టండి" అంది ఈవిడ. ఇద్దరూ నవ్వుకుంటుంటే నేను కాగితం చుట్టాను.

ఇక నేను చెప్పాలనుకున్న సంగతి. ఆ ఎండాకాలం, పొద్దున్నే కొట్టు తెరిచి ఊడుస్తుంటే ఒక ముసలావిడ, ఆవిడ కొడుకు వచ్చి మెట్ల మీద నిలబడ్డారు. పోలవరం ఎగువ నుంచి వచ్చామన్నారు. ఇప్పలపాడు అని గోదారి ఒడ్డున ఒక ఊరు. ప్రాజెక్టు నీళ్లు వస్తాయని ఖాళీ చేయించి, అంత దూరాన మెట్టలో, చుట్టుపక్కల మునిగే ఊళ్లకీ కలిపి కాలనీ కట్టి ఇస్తే అక్కడికి మారారట. ముసలావిడ పేరు రాజమ్మ. భర్త ఉన్నన్నాళ్లు ఆ రేవులో పడవ నడిపేవాడట. కొడుకు పేరు ప్రకాశం. ఆవిడ చంకలో బుట్ట, బుట్టలో చీరతో చుట్టిన మూట. లోపలికి రమ్మంటే వచ్చి, మూట బల్ల మీద పెట్టి, ఒక్కొక్క మడతే విప్పింది. లోపల సిమెంటు తల. మెడ దగ్గర విరిగి ఉంది. ఎన్ని పండగలకి ఎన్ని రంగులు వేశారో, పొరలు పొరలుగా లేచిపోయి తెలుపు కింద పసుపు, పసుపు కింద నీలం కనిపిస్తోంది. చేతులు తాకీ తాకీ ముక్కు అరిగిపోయింది. కళ్లు మాత్రం ఎవరో శ్రద్ధగా దిద్దారు.

ఆరోగ్యమ్మ గారు లేచి నిలబడింది. కాలు నొప్పి వల్ల బిషప్ గారు వచ్చినా కూర్చునే దణ్ణం పెట్టే మనిషి.

"పీఠంతో సహా తీసుకెళ్దామనుకున్నామండి" అన్నాడు ప్రకాశం. "గునపం దెబ్బకి ముక్కలైపోయింది. తలొక్కటే దక్కింది."

"ఏ మాత ఈవిడ?"

"రేవు మాతండి" అంది రాజమ్మ.

నేను, ఆరోగ్యమ్మ గారు మొహాలు చూసుకున్నాం. అన్ని పేర్లు తెలిసిన ఆవిడకి ఆ పేరు తెలియదు. కూర్చోబెట్టి, టీ తెప్పించి, అడిగి అడిగి రాబట్టింది. ఎప్పుడో ఒక దొర ఫాదర్ గారు లూర్దు మాత అని పెట్టి వెళ్లిన స్వరూపమే అది. ఒకేడు వరదకి జోడించిన చేతులు విరిగిపోయాయి. ఊళ్లో తాపీమేస్త్రి ఒకడు తనకి చేతనైనట్టు కొత్త చేతులు పెట్టాడు. ఎడం చెయ్యి గుండె మీద పెట్టాడు గానీ కుడి చెయ్యి కుదరలేదు. అది నుదుటి దాకా లేచిపోయింది. చూస్తే ఎండకి చెయ్యి అడ్డం పెట్టుకుని గోదారి మీదికి చూస్తున్నట్టు ఉండేదట. ఆ తర్వాత ఓ వానాకాలం సంతకి వెళ్లిన పడవ తిరిగి రాలేదు. ఆడవాళ్లందరూ రేవులోకొచ్చి, ఆ స్వరూపం పక్కనే, అదే మాదిరి చేతులు అడ్డం పెట్టుకుని చూస్తూ నిలబడ్డారు. ఆ రోజు నుంచి ఆవిడ రేవు మాత.

"అందరూ వచ్చారా అమ్మా?" అని అడిగాను నేను.

"మా ఆయన వచ్చాడండి. చాలామంది ఈదుకుంటా వచ్చారు. మా అన్న రాలేదు."

నేను టీ గ్లాసు ఆవిడ ముందుకి జరిపాను. రాజమ్మ గారే మళ్లీ అంది. "మిగతా వాళ్లందరూ చీకటి పడ్డాక ఇళ్లకెళ్లిపోయారండి. మాతొక్కతే నిలబడే ఉంది. అందుకని మా వదిన ఊరొదిలేదాకా ఆవిడ కాళ్లే పట్టుకునేది."

వాళ్లకి కావలసింది అలాంటి స్వరూపమే. ఎక్కడా దొరకదు. ఏ అచ్చులోనూ రాదు. ఆరోగ్యమ్మ గారు ఆ పూటే సూరిబాబు గారిని పిలిపించింది. ఆయన వినాయక చవితికి వినాయకుళ్లని, మిగతా రోజుల్లో మా కొట్టుకి స్వరూపాలని చేసే మనిషి. తలని అటూ ఇటూ తిప్పి చూసి, "లూర్దు మాత ఒళ్లు తెప్పించండి, మొహం ఇలాగే దిద్దుతాను. చెయ్యే కష్టం. వినాయకుడి చెయ్యి ఎత్తమంటే కళ్లు మూసుకుని ఎత్తేస్తానండి. దూరం చూసే ఆడమనిషి చెయ్యి నాకు చేతకాదు. ఎవరైనా నిలబడి చూపించాలి" అన్నాడు.

ఆరోగ్యమ్మ గారు నావైపు చూసింది.

"నేనా? నేను లూథరన్ ఆంటీ!"

"చేతికేం తెలుసే లూథరనో కతోలికో. నిలబడు."

నిలబడ్డాను. రోజూ మధ్యాహ్నం బేరాలు లేని వేళ, కొట్టు వెనక పెరట్లో, నుదుటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నేను, ఎదురుగా తడి ప్లాస్టరుతో సూరిబాబు గారు. చెయ్యి లాగేసేది. దించితే ఆయన గోల పెట్టేవాడు. ఆరోగ్యమ్మ గారు కుర్చీ వేసుకుని కూర్చుని, "గోడకేసి చూడకే, గోదారికేసి చూడు. నీవాళ్లు దాని మీదున్నారనుకో" అనేది. మొదట నవ్వొచ్చేది. ఒక రోజు నిజంగానే అనుకున్నాను. రెండు వీధుల అవతల ఉన్న నది మీద, చీకటి పడుతున్నా రాని పడవలో నాన్నగారు ఉన్నారనుకున్నాను. "ఆఁ, ఇప్పుడొచ్చింది" అన్నాడు సూరిబాబు గారు మెల్లగా. ఇంటికెళ్లి భయం భయంగా ఈ సంగతి చెబితే నాన్నగారు చాలాసేపు గడ్డం గోక్కున్నారు. చివరికి, "దణ్ణం పెట్టొద్దన్నాను గానీ నిలబడొద్దనలేదుగా" అని నవ్వేశారు. ఆదివారం సండే స్కూలు పిల్లలకి కూడా చెప్పేశారట, మా అమ్మాయి చెయ్యి పోలవరం వెళ్తోందని.

స్వరూపం సగంలో ఉండగా ఆ కాలనీ చూసే ఫాదర్ బాలశౌరి గారు కొట్టుకి వచ్చారు. కుర్రాడు. మోటారు సైకిలు మీద దుమ్ము కొట్టుకుపోయి వచ్చారు. మంచివాడే. కాలనీకి నీళ్ల కోసం, పట్టాల కోసం ఆఫీసుల చుట్టూ తిరుగుతున్నది ఆయనే. కానీ పీఠం మీద చెక్కిస్తున్న పేరు చూసి ఇబ్బందిగా మొహం పెట్టారు.

"ఆంటీ గారూ, అది లూర్దు మాతండి. మందిరం కట్టించినవాళ్లు కూడా లూర్దు మాత పేరు మీదే ఇచ్చారు. పైగా రేవే లేని చోట రేవు మాత ఏంటండి? చుట్టుపక్కల నీళ్ల చుక్క లేదు. చూసేవాళ్లు నవ్వుతారు."

"కూర్చోండి ఫాదర్ గారూ, ముందు టీ తాగండి" అంది ఆవిడ. ఆయన తాగాక మెల్లగా అడిగింది. "లూర్దు అంటే ఏంటండి?"

"ఊరండి. ఫ్రాన్సులో."

"ఫాతిమా?"

"అదీ ఊరే."

"కార్మెల్?"

"కొండ" అని ఆయన నవ్వడం మొదలుపెట్టారు. ఆవిడ ఎటు తీసుకెళ్తోందో అర్థమైపోయింది.

ఆవిడ మాత్రం నవ్వలేదు. "ఎక్కడెక్కడి ఊళ్ల పేర్లో మోసుకుంటా సముద్రాలు దాటి వచ్చిందండి ఆ తల్లి. మనం ఒక్కసారి కూడా చూడని ఊళ్లు. వాటికి నవ్వం. వీళ్ల ఊరి రేవొక్కటే బరువైపోయిందా ఆవిడకి? ఆ ఊరింక ఉండదు ఫాదర్ గారూ. ఇళ్లు ఉండవు, సమాధులు కూడా ఉండవు. రాజమ్మ గారి అన్న పోయింది ఎక్కడో చూపించడానికి చోటు ఉండదు. ఆ పేరు కూడా వద్దంటే వాళ్లింకేం పట్టుకుని ఉంటారండి?"

ఫాదర్ గారు లేచి, బల్ల కింద తువ్వాలులో చుట్టి పెట్టిన పాత తలని తీసి చూశారు. అరిగిన ముక్కు మీద బొటనవేలు పెట్టారు. "బిషప్ గారికి ఏం చెప్పాలండి నేను?" అన్నారు చివరికి.

"లూర్దు మాతే అని చెప్పండి. అబద్ధం కాదుగా. ఇంట్లో ముద్దుపేరు వేరే ఉందని చెప్పండి."

అలాగే అయింది. కాలనీ మొదట్లో కమాను మీద లూర్దు మాత మందిరమని, లోపల పీఠం మీద రేవు మాత అని రాయించారు. ఏది గెలిచిందీ అని ఎవరూ లెక్క చూసుకోలేదు.

ప్రతిష్ఠ రోజు ట్రాలీ ఆటోలో గడ్డి పరిచి స్వరూపాన్ని పడుకోబెట్టి తీసుకెళ్లాం. కాలనీలో ఒకే మాదిరి ఇళ్లు వరసలు వరసలుగా. ఎర్ర మట్టి. నీళ్ల ట్యాంకరు దగ్గర బిందెల వరస. చుట్టూ జామాయిల్ తోటలు, ఆ వెనక జీడిమామిడి తోపులు. ఆరోగ్యమ్మ గారు డాక్టరు వద్దన్నా వినకుండా వచ్చింది. ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని మేస్త్రీలకి పురమాయిస్తోంది. ముందుగా పాత తలని కొత్త చీరలో చుట్టి రాజమ్మ గారు తన చేత్తోనే పీఠం లోపలి గుల్లలో పెట్టింది. వాళ్ల వదిన, బాగా వంగిపోయిన మనిషి, లోపలికి చెయ్యి పెట్టి చివరిసారి తడిమింది. మేస్త్రి పైన సిమెంటు వేసి మూసేశాడు. ఆ పైన కొత్త స్వరూపం ఎక్కింది. దాని మీద నా చెయ్యి. మరొకరి ఒంటి మీద మన చెయ్యిని చూస్తే ఎలా ఉంటుందో నేను చెప్పలేను. చిటికెన వేలు వంకర కూడా సూరిబాబు గారు వదల్లేదు.

అప్పుడు వచ్చింది తగువు. స్వరూపం ఎటు తిరిగి ఉండాలి? కమాను వైపు, వచ్చేవాళ్లకి ఎదురుగా అన్నారు ఫాదర్ గారు. అదే సబబు కూడా. రాజమ్మ గారు ఒప్పుకోలేదు, కాదనీ అనలేదు. చుట్టూ చూసి, "గోదారి ఎటుందిరా?" అంది కొడుకుతో. ప్రకాశానికి వెంటనే చెప్పడం చేతకాలేదు. నది పక్కన పుట్టి పెరిగిన మనిషి. ఎండని చూసుకుని, రోడ్డుని చూసుకుని, ఒక చుట్టు తిరిగి, చివరికి జామాయిల్ తోటల మీదుగా చెయ్యి చూపించాడు. "అటమ్మా." అక్కడున్న ఆడవాళ్లందరూ అటు తిరిగారు. ఎండ కళ్లలో పడుతోంది. ఒక్కొక్కరే నుదుటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నారు. చెట్లు తప్ప ఏం లేవు అక్కడ. అయినా ఎవరూ చెయ్యి దించలేదు. ఫాదర్ గారు వాళ్లని చూసి, మేస్త్రికి ఏం చెప్పకుండా తనే వెళ్లి స్వరూపానికి భుజం ఆనించి నెట్టడం మొదలుపెట్టారు. ప్రకాశం వెళ్లి ఇంకోవైపు పట్టుకున్నాడు. కమానుకి పక్కగా, తోటలకి ఎదురుగా, రేవు మాత గోదారి వైపు తిరిగింది.

తిరుగు ప్రయాణంలో ఆరోగ్యమ్మ గారి కట్టు మీద రక్తం మరక కనిపించి నేను కంగారు పడితే, "ఊరుకో" అంది. ఆ కాలు మళ్లీ మానలేదు.

డీఎస్సీ వచ్చింది. రాశాను. ఉద్యోగం వచ్చింది. కౌన్సెలింగులో ఖాళీల వరసలో ఆ కాలనీ బడి పేరు కనబడితే, ఎవరూ కోరుకోని చోటే అయినా, అదే అడిగాను. అప్పటికి ఆరోగ్యమ్మ గారు ఆసుపత్రిలో ఉంది. మోకాలి కింద దాకా కాలు తీసేశారు. మంచం పక్కన స్టూలు మీద కూర్చుని సంగతి చెప్పాను.

"నీకు బుద్ధుందా?" అంది, గొంతులో ఓపిక లేకపోయినా. "అక్కడికి బస్సు కూడా సరిగ్గా లేదు. రాజమండ్రిలో ఏదన్నా చూసుకోక."

నేను దుప్పటి సరిచేశాను. కాసేపటికి కళ్లు మూసుకునే అడిగింది. "రాజమ్మ గారిల్లు బడికి దగ్గరేనా?"

"దగ్గరే ఆంటీ."

"అయితే మధ్యాహ్నం అక్కడ తిను. డబ్బా మోసుకెళ్లకు." ఇంకాసేపటికి, "నాన్నగారికి నా వందనాలు చెప్పు. మంచి చెయ్యి ఇచ్చారని చెప్పు" అంది.

నాన్నగారికి చెప్పాను. ఆయన మర్నాడు ఆసుపత్రికి వచ్చి, ఆవిడ మంచం పక్కన నిలబడి, మా పద్ధతిలో, స్వరూపం పేరు ఏదీ లేకుండా, మామూలుగా దేవుడికి ప్రార్థన చేశారు. ఆవిడ ఆమెన్ అంది. ఆ వారంలోనే పోయింది. యానాంలో సమాధి చేశారు. ఇప్పలపాడు వాళ్లు ఒక వ్యాను మాట్లాడుకుని వచ్చారు. రాజమ్మ గారు ఏడవలేదు. పెట్టె మూసే ముందు ఆరోగ్యమ్మ గారి కళ్లద్దాలు తీసి, తన కొంగుతో తుడిచి, మళ్లీ పెట్టింది.

ఇప్పుడు ఈ బడిలోనే పాఠాలు చెబుతున్నాను. నేను లూథరన్‌గానే ఉన్నాను. రోజూ మందిరం ముందు నుంచే నడిచి వస్తాను, దణ్ణం పెట్టను. బస్సు స్టాపుని ఆటోవాళ్లు కూడా రేవు అంటున్నారు. గోదారిని ఎన్నడూ చూడని పిల్లలు, "రేవు దగ్గర దిగిపోతాను టీచర్" అంటారు. ఆరోగ్యమ్మ గారి దగ్గర నేను నేర్చుకున్నది స్వరూపాల సంగతి అనుకుంటారు అందరూ. ఎదుటి మనిషి దేన్ని ఏ పేరుతో పిలుస్తారో అడగడం, చెప్పేదాకా ఆగడం, ఆ పేరుతోనే పిలవడం, అది నేర్చుకున్నాను. తరగతి గదిలో నాకు రోజూ పనికొచ్చేది అదే.

కిందటి వారం మా ఊరు అని వ్యాసం రాయమన్నాను. వెనక బెంచీలో ఒక పిల్ల లేచింది. "ఏ ఊరు రాయాలి టీచర్? ఇదా, మునిగిపోయినదా?"

"రెండూ రాయమ్మా."

"మునిగిపోయినదాని పేరు ఎలా రాయాలో రాదు టీచర్. అమ్మమ్మ అంటే వినడమే."

ఆ పేరు అడిగి, సుద్దముక్క తీసుకుని, విడివిడిగా, పెద్ద అక్షరాలతో బోర్డు మీద రాశాను. ఆ పిల్ల పెదవులు కదుపుతూ చదువుకుంది. పక్కనున్న పిల్లాడు చెయ్యెత్తాడు. "మాది రాయండి టీచర్." వాడి వెనక ఇంకొకరు. ఒకే పేరు ఇద్దరు చెప్పి, మాదంటే మాదని పోట్లాడుకుని, ఒక ఊరివాళ్లమే అని తెలిసి నవ్వుకున్నారు. గంట కొట్టేసరికి బోర్డు నిండిపోయింది. తర్వాతి పీరియడు లెక్కల మాస్టారిది. ఆయన లోపలికి వచ్చి, అలవాటుగా డస్టరు అందుకుని, బోర్డు వైపు తిరిగి ఆగిపోయారు. పైనుంచి కిందిదాకా ఒక్కొక్కటే చదివారు. డస్టరు బల్ల మీద పెట్టేసి, కింద మూలన మిగిలిన కాస్త చోటులో, చిన్న చిన్న అంకెలతో, లెక్క మొదలుపెట్టారు.